కుక్కబొమ్మ నాణెం: నిల్వ ఎవరి చేతిలో ఉంది?

(మా వాణిజ్య విలేఖరి)

ఏ సరుకు ధర హెచ్చినా వర్తకుడు మొదట వాకబు చేసేది రెండు సంగతులు. రాబడి ఎలా ఉంది? నిల్వలు ఎవరి దగ్గర ఉన్నాయి? మిరపకాయలకైనా, పసుపుకైనా, బెల్లానికైనా ఇదే రివాజు. ఈ రెండూ తెలుసుకోకుండా తేజీకి దిగినవాడు నిలదొక్కుకోవడం కష్టం.

అయితే గత పన్నెండేళ్లుగా ఒక కొత్త బజారు నడుస్తోంది. అక్కడ ఈ రెండు ప్రశ్నలు వేసేవారు తక్కువ. నవ్వు పుట్టించడానికి జనం ఫోన్లలో ఒకరికొకరు పంపుకునే బొమ్మను మీమ్ అంటారు. అటువంటి బొమ్మ పేరు పెట్టి కంప్యూటరు లెక్కల్లో పుట్టించే నాణేన్ని మీమ్ నాణెం అంటున్నారు. కుక్క పేరున ఒకటి, కప్ప పేరున ఒకటి, రాజకీయ నాయకుల పేర్లతో మరికొన్ని చలామణీలో ఉన్నాయి. మన వ్యాపార కేంద్రాల్లో సైతం గుమాస్తాలు, వర్తకుల పిల్లలు ఈ ధరలను ఫోన్లలో చూస్తూ కూర్చోవడం ఇప్పుడు వింత కాదు.

ఈ నాణేలు మంచివా, చెడ్డవా అన్న చర్చ చాలా జరిగింది. వర్తకుడికి అంతకన్నా ముఖ్యమైన విషయం వేరే ఉంది. నిల్వ ఎవరిది, అమ్మబోయిన నాడు కొనేవాడెవడు అన్నది తేలనంత కాలం, బోర్డు మీద కనిపించే ధరను ధర అనడానికి వీల్లేదని ఈ విలేఖరి అభిప్రాయం.

వేళాకోళంగా మొదలు

ఈ వరుసలో మొదటిది డోజ్‌కాయిన్. 2013 నవంబరులో బిట్‌కాయిన్ 1,000 డాలర్లు దాటింది. దాన్ని చూసి వారానికో కొత్త నాణెం పుట్టుకొస్తున్న రోజులవి. ఆ వెర్రిని ఎగతాళి చేయడానికి సిడ్నీలో పనిచేస్తున్న జాక్సన్ పామర్ అనే ఉద్యోగి ఒక చమత్కారం విసిరాడు. అమెరికాలో ఐ.బి.ఎం. ఇంజనీరు బిల్లీ మార్కస్ దాన్ని నిజం చేశాడు. అప్పటికే ఉన్న మరో నాణెం ప్రోగ్రామును తీసుకుని, పేరూ బొమ్మా మార్చి, కొద్ది గంటల్లో పని ముగించాడు. 2013 డిసెంబరు 6న అది బజారులోకి వచ్చింది. బొమ్మ మాత్రం జపాన్‌లోని కబోసు అనే షిబా ఇను జాతి కుక్కది. దాని యజమానురాలు 2010లో తీసిన ఫొటో ప్రపంచమంతా తిరిగింది. ఆ కుక్క 2024 మే 24న చనిపోయింది.

ఇక్కడ వర్తకులు గమనించవలసిన సంగతి ఒకటుంది. డోజ్‌కాయిన్‌ను పుట్టించినవారు తమ కోసం పెద్ద నిల్వ ముందుగా పక్కన పెట్టుకోలేదు. కంప్యూటరు నడిపి లెక్క కట్టగలిగిన ఎవరైనా నాణేలు సంపాదించుకోగలిగారు. మార్కస్ తన దగ్గరున్న నాణేలన్నీ 2015లో అమ్మేశాడు. వచ్చిన సొమ్ము పాత హోండా సివిక్ కారు ఒకటి కొనడానికి సరిపోయింది. పామర్ కూడా అదే ఏడు దూరంగా తొలగిపోయాడు. ఆరంభంలో దీన్ని జనం ఒకరికొకరు బహుమానంగా పంపుకునేవారు. 2014 జనవరిలో సోచి శీతాకాల ఒలింపిక్స్‌కు జమైకా బాబ్‌స్లెడ్ జట్టును పంపడానికి సుమారు 30 వేల డాలర్ల విలువైన నాణేలు పోగుచేశారు. అంతవరకు అది నిజాయితీ గల వేళాకోళమే.

రాబడి లెక్క కూడా దాపరికం లేనిదే. నిమిషానికి 10 వేల చొప్పున, ఏడాదికి సుమారు 525 కోట్ల కొత్త నాణేలు వస్తాయి. దీనికి అంతిమ పరిమితి లేదు. ధర 10 సెంట్ల దగ్గర నిలబడాలంటే, పాత నిల్వదారులెవరూ అమ్మకపోయినా, ఈ కొత్త రాబడిని తీసుకోవడానికే ఏడాదికి 52 కోట్ల డాలర్లకు పైగా కొత్త సొమ్ము రావాలి. పంట దిగుబడి ఏటా పెరుగుతూ, వినియోగం మాత్రం లేని సరుకును ఊహించుకుంటే ఈ పరిస్థితి అర్థమవుతుంది.

అయినా 2021లో ధర ఆకాశానికి ఎగిరింది. ఆ ఏడాది మొదట్లో అర సెంటు దరిదాపులో ఉన్న నాణెం, మే 8న 73 సెంట్ల వరకు పలికింది. ప్రసిద్ధ పారిశ్రామికవేత్త ఎలాన్ మస్క్ చేసిన వ్యాఖ్యలు ఇందుకు ముఖ్య కారణం. ఆ రాత్రే ఆయన ఒక హాస్య టెలివిజన్ కార్యక్రమంలో కనిపించాడు. ఆ వేడుక కోసం ముందే కొని పెట్టుకున్నవారు అమ్మకాలకు దిగారు. మర్నాటికి ధర సుమారు మూడో వంతు కోల్పోయింది. 2022 జూన్ నాటికి 10 సెంట్లకు దిగువన ఉంది. వదంతి మీద కొనడం, వార్త మీద అమ్మడం మన బజార్లకు కొత్త విషయం కాదు.

నిల్వ ఒక్కరి గోడౌనులో

తర్వాత వచ్చినవారు వేళాకోళాన్ని అలాగే ఉంచి, నిల్వ సంగతి మార్చారు.

2020 ఆగస్టులో రియోషి అనే మారుపేరు గల వ్యక్తి షిబా ఇను నాణేన్ని పుట్టించాడు. మొత్తం వెయ్యి లక్షల కోట్ల నాణేలు. అందులో సగం, ఎథీరియం సృష్టికర్తల్లో ఒకడైన విటాలిక్ బుటెరిన్‌కు, ఆయన అడగకుండానే పంపేశారు. 2021 మే నెలలో మన దేశం కోవిడ్ రెండో విడతతో అల్లాడుతున్నప్పుడు, బుటెరిన్ అందులోంచి 50 లక్షల కోట్ల నాణేలను భారత కోవిడ్ సహాయ నిధికి ఇచ్చాడు. ఆనాటి ధరలో వాటి విలువ సుమారు 100 కోట్ల డాలర్లు. వార్త పొక్కగానే ధర మూడో వంతు దాకా పడింది. నిల్వను ఒక్కసారిగా బజారులో కుమ్మరించబోమని, ఆచితూచి అమ్ముతామని నిధి నిర్వాహకుడు సందీప్ నైల్వాల్ అభయమివ్వవలసి వచ్చింది. దానం చేసినవాడి మనసు మంచిదే. కానీ కాగితం మీద 100 కోట్ల డాలర్లు అన్నది ఆ ధరకు అమ్ముడుపోయే సొమ్ము కాదని ఆ ఒక్క సంఘటన తేల్చి చెప్పింది.

2024 జనవరిలో పంప్ డాట్ ఫన్ అనే సదుపాయం వచ్చింది. కంప్యూటరు చదువు లేనివాడు కూడా, స్వల్ప ఖర్చుతో, కొన్ని నిమిషాల్లో సొంత నాణెం విడుదల చేయవచ్చు. అప్పటి నుంచి లక్షల కొద్దీ నాణేలు పుట్టాయి. వాటిలో బహుకొద్ది మాత్రమే కొన్ని రోజులు దాటి బతికాయి.

ఇక 2025 జనవరి 17న, అమెరికా అధ్యక్షుడిగా పదవీ స్వీకారానికి మూడు రోజుల ముందు, డొనాల్డ్ ట్రంప్ పేరున ఒక నాణెం వెలువడింది. మొత్తం 100 కోట్ల నాణేలు. బజారుకు వదిలింది 20 కోట్లు. మిగతా 80 శాతం ఆయన వ్యాపారానికి సంబంధించిన సంస్థల చేతిలో ఉంటుందని, మూడేళ్లలో విడతలుగా విడుదలవుతుందని వారే ప్రకటించారు. రెండు రోజుల్లో ధర 75 డాలర్ల దాకా ఎగబాకింది. ఫిబ్రవరి ముగిసేనాటికి 20 డాలర్లకు దిగువన ఉంది. సరుకులో 80 పాళ్లు ఒకే చేతిలో ఉందని తెలిస్తే మన యార్డులో ఏ ఖరీదుదారుడూ ఆ ధరకు చేయి వేయడు. అక్కడ మాత్రం ఎగబడి కొన్నారు.

పలికిన ధర, చేతికొచ్చే సొమ్ము

ఈ నాణేల ధర ఎలా ఏర్పడుతుందో తెలుసుకుంటే చాలా భ్రమలు తొలగుతాయి. చిన్న నాణేలకు వేలం లేదు, దలాలీ లేదు. ఒక ఉమ్మడి తొట్టి ఉంటుంది. దానిలో ఒక పక్క నాణేలు, మరో పక్క సొమ్ము. కొనేవాడు సొమ్ము వేసి నాణేలు తీసుకుంటాడు. అమ్మేవాడు నాణేలు వేసి సొమ్ము తీసుకుంటాడు. రెండు రాశులను గుణిస్తే వచ్చే మొత్తం మారకుండా ఉండేట్టు కంప్యూటరే ధర కడుతుంది.

ఒక ఉదాహరణ తీసుకుందాం. లెక్క తేలిక కోసం రూపాయల్లో చెప్పుకుని, చిల్లర రుసుములు వదిలేద్దాం.

ఒకడు 100 కోట్ల నాణేలు పుట్టించాడు. తొట్టిలో 10 లక్షల నాణేలు, 10 లక్షల రూపాయలు పెట్టాడు. నాణెం ధర 1 రూపాయి. మిగతా నాణేలన్నీ అతని దగ్గరే. ఇప్పుడొక కొనుగోలుదారుడు 10 లక్షల రూపాయలు వేశాడు. అతనికి 5 లక్షల నాణేలు వచ్చాయి. తొట్టిలో 20 లక్షల రూపాయలు, 5 లక్షల నాణేలు మిగిలాయి. బోర్డు మీద ధర 4 రూపాయలు. 100 కోట్ల నాణేలను 4 రూపాయలతో గుణించి, ఈ నాణెం విలువ 400 కోట్ల రూపాయలని చాటింపు వేస్తారు. బయటి నుంచి వచ్చిన సొమ్ము మాత్రం 10 లక్షలే.

ఆ చాటింపు సాగుతుండగా, పుట్టించినవాడు తన నిల్వలోంచి 10 లక్షల నాణేలు అమ్మాడు. అది మొత్తంలో వెయ్యో వంతు. అతనికి 13 లక్షల 33 వేలు చేతికొస్తాయి. ధర 44 పైసలకు పడుతుంది. బెదిరిపోయిన కొనుగోలుదారుడు తన 5 లక్షల నాణేలూ అమ్మితే అతనికి దక్కేది 1 లక్షా 67 వేలు. తొట్టిలో మిగిలే 5 లక్షలు పుట్టించినవాడివే.

ఇప్పుడు పద్దు రాద్దాం. పుట్టించినవాడు పెట్టింది 10 లక్షలు, తిరిగి వచ్చింది 18 లక్షల 33 వేలు. లాభం 8 లక్షల 33 వేలు. కొన్నవాడు పెట్టింది 10 లక్షలు, తిరిగి వచ్చింది 1 లక్షా 67 వేలు. నష్టం 8 లక్షల 33 వేలు. బీకాం మొదటి ఏడాది విద్యార్థికి కూడా ఈ ఆవర్జా అర్థమవుతుంది. మధ్యలో ఒక గింజ పండలేదు, ఒక బస్తా కదలలేదు. ఒకరి ఖర్చు మరొకరి జమ అయింది. 400 కోట్లు ఏమయ్యాయని అడిగితే, అవి ఎప్పుడూ లేవన్నదే సమాధానం.

అమ్మకానికి దారి లేని నాణెం

పై ఉదాహరణలో కొన్నవాడికి అమ్ముకునే వీలైనా ఉంది. అదీ లేని సందర్భాలున్నాయి. 2021 అక్టోబరులో ఒక ప్రసిద్ధ కొరియా ధారావాహిక పేరు వాడుకుని స్క్విడ్ గేమ్ నాణెం వచ్చింది. ఆ ధారావాహిక యజమానులకు దీనితో సంబంధం లేదు. కొద్ది రోజుల్లో ధర 2,800 డాలర్లు దాటింది. కొన్నవారు అమ్మబోతే అమ్మకం జరగలేదు. ప్రోగ్రాములోనే ఆ అడ్డు పెట్టారు. ధర పడకపోవడానికి కారణం గిరాకీ కాదు, అమ్మకాలు లేకపోవడం. నవంబరు 1న పుట్టించినవారు 30 లక్షల డాలర్లకు పైగా సొమ్ముతో మాయమయ్యారు. నిమిషాల్లో ధర సున్నాకు చేరింది.

దేశాధ్యక్షుడి మాట కూడా పూచీ కాదని 2025 ఫిబ్రవరి 14న తేలింది. ఆ రోజు అర్జెంటీనా అధ్యక్షుడు హవియెర్ మిలెయ్ లిబ్రా అనే నాణేన్ని ప్రస్తావిస్తూ ప్రకటన పెట్టాడు. కాగితం మీద దాని విలువ 400 కోట్ల డాలర్లు దాటి, కొన్ని గంటల్లోనే 90 శాతానికి పైగా పడిపోయింది. ఆయన ప్రకటన తొలగించి, వివరాలు తనకు తెలియవన్నాడు. ఆ మాట విని కొన్నవారికి సొమ్ము తిరిగి రాలేదు.

పాత సట్టాకు కొత్త పేరు

మన దేశానికి ఇది పూర్తిగా కొత్త కాదు. ఒకప్పుడు బొంబాయిలో, న్యూయార్క్ కాటన్ ఎక్స్ఛేంజి నుంచి టెలిప్రింటరు మీద వచ్చే పత్తి ప్రారంభ, ముగింపు ధరల అంకెల మీద పందాలు సాగేవి. కాసేవారికి పత్తితో పనిలేదు, అంకెతోనే పని. 1960వ దశకం తొలి ఏళ్లలో ఆ ధరలు రావడం ఆగిపోయినా ఆట ఆగలేదు. లేని సరుకులకు ధరలు కట్టారు. తర్వాత కుండలో చీట్లు వేసి అంకెలు తీశారు. కుండ పేరే ఆ జూదానికి నిలిచిపోయింది. మట్కా కూల్చిన సంసారాల గురించి మన జిల్లాల్లో ఎవరికీ చెప్పనక్కరలేదు.

నాణేల కథా అదే దారిలో నడిచింది. బిట్‌కాయిన్ చెల్లింపుల కోసమని మొదలైంది. ఆ వాదన సరైనదా కాదా అన్నది వేరే సంగతి. తర్వాత వచ్చిన కుక్కలకు, కప్పలకు అటువంటి ప్రయోజనం ఉందని పుట్టించినవారు కూడా చెప్పడం లేదు. పత్తి పోయి అంకె మిగిలినట్టే, ఇక్కడా అంకె ఒక్కటే మిగిలింది.

ఎదుటివారి వాదన

ఈ నాణేలను సమర్థించేవారి మాటా వినాలి. ఇష్టపడి, తెలిసి, కొద్ది సొమ్ముతో ఆడుకునే పెద్దవారిని అడ్డగించడమెందుకని వారంటారు. బంగారం విలువ కూడా జనం నమ్మకం మీదనే ఆధారపడి లేదా అని అడుగుతారు. అంతా బహిరంగ పద్దులో నమోదవుతుంది కదా, దాపరికం ఎక్కడిదని ప్రశ్నిస్తారు.

మొదటి మాటలో న్యాయముంది. సినిమా టికెట్టు కొన్నట్టు కొని, పోయిందనుకునేవాడితో ఎవరికీ పేచీ లేదు. రెండోది నిలబడదు. ఏ ఊళ్లోనైనా కంసాలి దుకాణంలో బంగారం తూచి సొమ్ము ఇస్తారు. కొనేవాడు రేపూ ఉంటాడు. మూడోది సగమే నిజం. ఏ ఖాతాలో ఎన్ని నాణేలున్నాయో పద్దులో కనిపిస్తుంది. ఆ ఖాతా ఎవరిదో కనిపించదు. ఒకే మనిషి వంద ఖాతాల్లో నిల్వ దాచుకుంటే, బయటివాడికి వందమంది నిల్వదారులున్నట్టు తోస్తుంది. కాంటాలో తూకం చూపించి, యజమాని పేరు దాచిపెట్టడం వంటిదే ఇది.

కందిపప్పుకో న్యాయమా?

2023 జూన్‌లో కేంద్ర ప్రభుత్వం కందులు, మినుముల మీద, గోధుమల మీద నిల్వ పరిమితులు విధించింది. తమ వద్ద ఎన్ని క్వింటాళ్లున్నాయో వ్యాపారులు పోర్టల్‌లో నమోదు చేయవలసి వచ్చింది. 2021 డిసెంబరులో శనగలు, గోధుమలు, సోయా తదితర 7 సరుకుల వాయిదా వ్యాపారాన్ని సెబీ నిలిపివేసి, ఆ నిలుపుదలను తర్వాత పలుమార్లు పొడిగించింది. ఆ చర్యల మంచిచెడ్డలు అటుంచి, నిల్వ లెక్క చెప్పమనడం మాత్రం సహేతుకమే. పప్పు వర్తకుడు చెప్పవలసిన లెక్కను, నాణెం పుట్టించి జనానికి అమ్మేవాడు ఎందుకు చెప్పనక్కరలేదు?

అమెరికాలో సెక్యూరిటీస్ అండ్ ఎక్స్ఛేంజి కమిషన్ అధికారులు 2025 ఫిబ్రవరి 27న ఒక ప్రకటనలో, సాధారణంగా మీమ్ నాణేలు సెక్యూరిటీల కిందకు రావని, సేకరణ వస్తువుల వంటివని తేల్చారు. దాని అర్థం, వాటిని కొన్నవారికి ఆ చట్టాల రక్షణ లేదని. మన రిజర్వు బ్యాంకు 2013 డిసెంబరు 24న, అంటే డోజ్‌కాయిన్ పుట్టిన మూడు వారాలకే, ఇటువంటి కరెన్సీల గురించి ప్రజలను హెచ్చరించింది. ఆ తర్వాత ప్రభుత్వం ముఖ్యంగా చూసింది పన్ను మీదే. 2022 ఏప్రిల్ 1 నుంచి లాభంపై 30 శాతం పన్ను, జూలై 1 నుంచి బదిలీ విలువపై 1 శాతం టి.డి.ఎస్. అమల్లోకి వచ్చాయి. ఒక నాణెంలో లక్ష రూపాయల లాభం, మరో నాణెంలో లక్ష నష్టం వస్తే, నికరంగా మిగిలింది సున్నా. ఈ నిబంధన ప్రకారం నష్టాన్ని లాభంలోంచి మినహాయించుకునే వీల్లేదు. సెస్సుతో కలిపి 31,200 రూపాయల పన్ను కట్టాలి. నష్టాన్ని వచ్చే ఏడాదికి మోసుకుపోవడమూ కుదరదు. ఫోను మీద రోజుకు పది లావాదేవీలు చేసే కుర్రవాళ్లలో ఎందరికి ఈ సంగతి తెలుసునో సందేహమే.

నాణేలు భద్రపరిచే చోటు కూడా భద్రం కాదు. 2024 జూలైలో వజీర్‌ఎక్స్ అనే భారతీయ ఎక్స్ఛేంజిలో 23 కోట్ల డాలర్లకు పైగా విలువైన నాణేలు అపహరణకు గురయ్యాయి. అందులో ఒక్క షిబా ఇను నాణేల విలువే సుమారు 10 కోట్ల డాలర్లు.

నిషేధం పెడితే ఈ వ్యాపారం ఆగుతుందని ఈ విలేఖరి అనుకోవడం లేదు. మట్కా నిషేధంతో ఆగలేదు. మన దేశంలో లావాదేవీలు జరిపే ఎక్స్ఛేంజిలు, ప్రతి నాణేనికి మూడు వివరాలు తెలుగుతో సహా ప్రాంతీయ భాషల్లో చూపాలని ఆదేశించడం సాధ్యమైన పని. పుట్టించినవారి, వారి సంబంధీకుల చేతిలో ఎంత నిల్వ ఉంది? అది ఏ తేదీల్లో బజారుకు వస్తుంది? ధర సగానికి పడకుండా ఒక్కసారిగా ఎంత సొమ్ముకు అమ్మవచ్చు? ఈ మూడూ చూపలేని నాణేన్ని జాబితాలో చేర్చరాదు.

అటువంటి ఆదేశం వచ్చేలోగా వర్తకులు తమ జాగ్రత్త తాము చూసుకోవాలి. దుకాణం పెట్టుబడి, రైతుకు ఇవ్వవలసిన పట్టీ సొమ్ము, బ్యాంకు క్యాష్ క్రెడిట్ ఈ బజారులోకి పోకుండా చూడాలి. ఇంట్లో కుర్రవాడు లాభం వచ్చిందని ఫోను చూపిస్తే, ముందుగా ఆ నాణేల్లో సగం అమ్మి, సొమ్ము బ్యాంకు ఖాతాలో పడిన చీటీ చూపమనాలి. సొమ్ము పడితే ఎంతకు అమ్ముడైందో తెలుస్తుంది. పడకపోతే ఆ ధర ఏపాటిదో తెలుస్తుంది.